తలుపు మీద గుర్తు

2020లో మా అపార్ట్‌మెంట్ మూడో అంతస్తులో ఒక ఇంటి తలుపు మీద ఎర్ర అక్షరాల కాగితం అంటించి వెళ్లారు. ఈ ఇంట్లో కరోనా ఉంది, ఎవరూ రావద్దు అని దాని సారాంశం. సాయంత్రానికల్లా దాని ఫొటో వాట్సాప్ గ్రూపులో తిరిగింది. మర్నాటి నుంచి చెత్త తీసుకెళ్లే మనిషి ఆ ఇంటి ముందు ఆగలేదు. వాళ్ల పాల ప్యాకెట్లు కింద గేటు దగ్గరే ఎండలో ఉండిపోయాయి. నేను లిఫ్ట్ మానేశాను. మూడో అంతస్తు రాగానే ఊపిరి బిగబట్టి రెండేసి మెట్లు ఎక్కేవాణ్ణి. ఆ ఇంటి పెద్దావిడ ప్రతి ఉగాదికీ మా అమ్మకు బొబ్బట్లు పంపేవారు. ఏమైనా కావాలా అని ఆవిడను అడగడానికి నాకు ఐదు రోజులు పట్టింది, అదీ ఫోన్లో. తర్వాతి వారం రెండో అంతస్తులో ఒకాయనకు జ్వరం వచ్చింది. ఆయన ఎవరికీ చెప్పలేదు, టెస్టుకూ వెళ్లలేదు. పై ఇంటికి జరిగింది కళ్లారా చూశాక ఎందుకు చెబుతాడు?

అప్పటి నుంచి అంటురోగాల మీద వచ్చిన పుస్తకాలు ఏవి దొరికినా చదువుతున్నాను. వైరస్ గబ్బిలం నుంచి వచ్చిందా, కోతి నుంచి వచ్చిందా అన్నది తెలుసుకోవలసిన విషయమే. కానీ నాకు ముందు కావలసింది వేరే ఉంది. జబ్బుపడ్డ ఇంటి తలుపు దగ్గర మనుషులు ఏం చేశారు? ఆ ఇంటివాళ్లు బయటికి చెప్పగలిగారా, దాచుకోవలసి వచ్చిందా? రోగం ఎంత దూరం పాకుతుందన్నది చాలావరకు అక్కడే తేలిపోతుందని ఇన్ని పుస్తకాలు చదివాక నాకు గట్టిగా అనిపిస్తోంది.

డేనియల్ డెఫో 1722లో రాసిన ‘ఎ జర్నల్ ఆఫ్ ద ప్లేగ్ ఇయర్’ 1665 నాటి లండన్ ప్లేగు గురించి. ప్లేగు బ్యాక్టీరియా వల్ల వచ్చేదే, వైరస్ వల్ల కాదు. అయినా మనుషుల తీరు తెలుసుకోవాలంటే మొదట చదవాల్సింది ఇదే. అప్పటికి డెఫో ఐదారేళ్ల పిల్లవాడు. పెద్దయ్యాక రికార్డులు, జ్ఞాపకాలు పోగుచేసి, కళ్లారా చూసిన ఒక వర్తకుడు చెబుతున్నట్టు రాశాడు. ప్లేగు సోకిన ఇంటి తలుపు మధ్యలో అడుగు పొడవున ఎర్ర శిలువ గుర్తు వేసేవారు. దాని పైన ‘దేవుడా, మమ్మల్ని కరుణించు’ అని రాసేవారు. జబ్బు ఉన్నవాళ్లనీ లేనివాళ్లనీ కలిపి లోపలే ఉంచి తాళం వేసి, పగలొకణ్ణి, రాత్రొకణ్ణి కాపలా పెట్టేవారు. జనం ఊరుకుంటారా? కాపలావాణ్ణి మందు తెమ్మని పంపి, వాడు వచ్చేలోగా వెనక దారిన పారిపోయారు. ఒకచోట కాపలావాణ్ణి మందుగుండుతోనే పేల్చేశారు. అన్నిటికంటే ప్రమాదమైనది ఏమిటంటే, తాళం పడుతుందన్న భయంతో జబ్బు సంగతి దాచి, ఒంట్లో ప్లేగు పెట్టుకునే ఊరంతా తిరిగారు. ఇళ్లు మూసేయడం వల్ల మేలు కంటే కీడే ఎక్కువ జరిగిందని డెఫో కథకుడు ఒకటికి పదిసార్లు వాదిస్తాడు. మూడు వందల ఏళ్ల తర్వాత, అధికారుల ప్రత్యేక ఆదేశం లేకుండా కోవిడ్ రోగుల ఇళ్ల ముందు పోస్టర్లు అంటించవద్దని 2020 డిసెంబరులో మన సుప్రీంకోర్టు చెప్పాల్సి వచ్చింది.

మన ఊళ్లలోనూ తలుపు మీద గుర్తు ఉండేది. ఇంట్లో ఎవరికైనా మశూచి వస్తే గుమ్మానికి వేపమండలు కట్టేవారు. అమ్మవారు పోసిందనేవారు. ఆ మండలు చూసి బయటివాళ్లు లోపలికి వచ్చేవారు కాదు. అలాగని ఆ ఇంటివాళ్లను దొంగల్లా చూసేవారూ కాదు, వచ్చింది అమ్మవారు కదా. వేపాకు మశూచిని తగ్గించలేదు. అమ్మవారికి కోపం వస్తుందని టీకా వద్దన్న ఇళ్లూ ఉన్నాయి, అలా పోయిన ప్రాణాలూ ఉన్నాయి. అది నేను మర్చిపోవడం లేదు. కానీ జబ్బు సంగతి నలుగురికీ తెలియజేస్తూనే ఇంటి పరువు తీయకుండా చూసే పద్ధతి ఒకటి మన దగ్గర ఉండేది. మా మూడో అంతస్తు కాగితానికి ఆ మర్యాద లేదు.

ఈ విషయంలో ఎక్కువగా అమ్ముడుపోయే పుస్తకాలు నన్ను నిరాశపరుస్తాయి. రిచర్డ్ ప్రెస్టన్ ‘ద హాట్ జోన్’ 1994లో వచ్చింది. చదువుతుంటే గుండె దడదడలాడుతుంది. ఎబోలా సోకితే శరీరం లోపల అవయవాలు కరిగిపోతాయన్నట్టు రాశాడు. ఆ రోగులను చూసిన వైద్యులు అది అతిశయోక్తి అన్నారు. 2014 నుంచి 2016 దాకా పశ్చిమాఫ్రికాలో ఎబోలా 11 వేల మందికి పైగా ప్రాణాలు తీసింది. అది పాకిన దారి చూడండి: జ్వరంతో ఉన్న బిడ్డను తల్లి ఒళ్లో పడుకోబెట్టుకుంది, చనిపోయినవాళ్లకు బంధువులు స్నానం చేయించారు. ప్రేమ ఉన్నచోటల్లా అది పాకింది. శవాలను బలవంతంగా పట్టుకుపోతే జనం దాచిపెట్టారు. కుటుంబం ఎదురుగా, వాళ్ల ప్రార్థనలు వాళ్లను చేసుకోనిచ్చి జాగ్రత్తగా పూడ్చడం మొదలుపెట్టాక తలుపులు తెరుచుకున్నాయి.

ఇంకో పుస్తకం చేసిన అన్యాయం పెద్దది. ఎయిడ్స్ తొలి ఏళ్ల మీద రాండీ షిల్ట్స్ 1987లో ‘అండ్ ద బ్యాండ్ ప్లేడ్ ఆన్’ రాశాడు. ప్రభుత్వ నిర్లక్ష్యాన్ని నిలదీసిన పుస్తకం, అందులో సందేహం లేదు. కానీ కెనడాకు చెందిన ఒక విమాన ఉద్యోగిని అందులో ‘పేషెంట్ జీరో’గా, అంటే జబ్బును మొదట తెచ్చిన రోగిగా నిలబెట్టాడు. మనకు ఎయిడ్స్ అంటించింది వీడేనని పత్రికలు హెడ్డింగులు పెట్టాయి. అప్పటికే అతను చనిపోయి మూడేళ్లయింది. అసలు సంగతి ఏమిటంటే, పరిశోధకులు అతనికి పెట్టిన గుర్తు సున్నా కాదు, ‘ఓ’ అనే ఇంగ్లిష్ అక్షరం. కాలిఫోర్నియా బయటివాడు (ఇంగ్లిష్‌లో ‘ఔట్’) అని చెప్పడానికి పెట్టుకున్న గుర్తది. ‘ఓ’ను సున్నాగా చదివారు. అమెరికాకు ఆ వైరస్ తెచ్చింది అతనే అనడానికి ఆధారం లేదని 2016లో జన్యు పరిశోధన తేల్చింది. నన్ను ఎక్కువగా బాధపెట్టింది ఇంకొకటి. అడిగిన వెంటనే తనకు సంబంధమున్న 72 మంది పేర్లు గుర్తుచేసుకుని చెప్పి, పరిశోధనకు సాయపడిన మనిషి అతను. అన్ని పేర్లు చెప్పాడు కాబట్టే, ఎవరికి ఎవరితో సంబంధమో చూపే పరిశోధకుల పటంలో మధ్యలో కనిపించాడు. దాచుకున్నవాళ్లు నింద తప్పించుకున్నారు, చెప్పినవాడు రాక్షసుడయ్యాడు. అతని పేరు నేను ఇక్కడ రాయదలచుకోలేదు.

యు.ఆర్. అనంతమూర్తి కన్నడ నవల ‘సంస్కార’ 1965 నాటిది. అగ్రహారంలో నారణప్ప ప్లేగుతో చనిపోతాడు. ఆచారం వదిలేసిన అతనికి ఎవరు దహనం చేయాలన్న తగువు తెగదు. శవం కుళ్లుతుంటుంది, ఎలుకలు చచ్చి పడుతుంటాయి. చివరికి అతనితో ఉంటున్న చంద్రి, అహ్మద్ బారి సాయంతో రాత్రికి రాత్రి దహనం చేసేస్తుంది. 2020 ఏప్రిల్‌లో చెన్నైలో కరోనాతో పోయిన వైద్యుడి శవాన్ని పూడ్చనివ్వకుండా అంబులెన్సు మీద రాళ్లేశారని చదివినప్పుడు నాకు ఆ అగ్రహారమే కళ్లముందు మెదిలింది. మన తిరుపతిలో అయినవాళ్లు రాని శవాలకు ముస్లిం వాలంటీర్లు అంత్యక్రియలు చేసినప్పుడు అహ్మద్ బారి గుర్తొచ్చాడు.

వీటన్నిటి తర్వాత నాకు ధైర్యమిచ్చింది అమెరికన్ వైద్యుడు విలియం ఫేగీ 2011లో రాసిన ‘హౌస్ ఆన్ ఫైర్’. మశూచిని భూమ్మీద లేకుండా చేసిన పోరాటం కథ. 1974లో మన దేశంలో లక్షా ఎనభై వేలకు పైగా మశూచి కేసులు వచ్చాయి. పాత పద్ధతి అందరికీ టీకాలేయడం. ఫేగీ బృందం పద్ధతి వేరు: ఇల్లిల్లూ తిరిగి జబ్బు ఉన్న ఇంటిని పట్టుకోవడం, దాని చుట్టూ ఉన్నవాళ్లందరికీ టీకాలేయడం. బిహార్‌లో కేసులు పెరిగిపోవడంతో, పాత పద్ధతికే వెళ్దామని ఆరోగ్యమంత్రి పట్టుబట్టాడు. అప్పుడు ఒక కుర్ర డాక్టరు లేచి, మా ఊళ్లో ఇల్లు తగలబడితే కాలుతున్న ఇంటి మీదే నీళ్లు పోస్తాం, మిగతా ఇళ్ల మీద పోస్తూ కూర్చోం అన్నాడట. మంత్రి ఇంకో నెల గడువిచ్చాడు. 1975 మే తర్వాత మన దేశంలో మశూచి లేదు.

ఈ పద్ధతిలో కూడా రోగి ఇంటి ముందు కాపలా ఉండేది. కాకపోతే ఆచూకీ చెప్పినవాళ్లకు బహుమతి ఇచ్చారు, చివరికి అది వెయ్యి రూపాయల దాకా వెళ్లింది. జబ్బు ఉందని చెబితే ఊరు మెచ్చుకునేది. అంతా ఇంత చల్లగా జరగలేదు. అదే పోరాటంలో పనిచేసిన లారీ బ్రిలియంట్ ఒక రాత్రి సంగతి రాశాడు. ఇప్పటి జార్ఖండ్‌లోని సింగ్‌భూమ్ ప్రాంతంలో హో అనే గిరిజన తెగ పెద్ద ఒకాయన ఇంటి తలుపు బద్దలుకొట్టి, పెనుగులాడుతున్న ఆ ఇంటివాళ్లందరికీ బలవంతంగా టీకాలేశారు. అంతా అయ్యాక ఆ పెద్దాయన పాదు నుంచి ఒక దోసకాయ కోసి వాళ్ల చేతికిచ్చాడు. మీ ధర్మం మీరు చేశారు, నా ధర్మం నేను చేశాను, ఇప్పుడు మీరు మా ఇంటికి వచ్చిన అతిథులు అన్నాడు. ఆ పేజీ దగ్గర పుస్తకం మూసి చాలాసేపు కూర్చున్నాను. ఆ తలుపు బద్దలుకొట్టకుండా ఉండాల్సిందని ఇప్పటికీ అనిపిస్తుంది.

2021 మే నెలలో తెలంగాణలో ఇంటింటి జ్వర సర్వే జరిగింది. మా వీధికి వచ్చిన ఆశా వర్కర్ ఎండకు చెంగు కప్పుకుని, చంకలో రిజిస్టరు, చేతిలో మందుల కిట్లు పట్టుకుని మెట్లన్నీ ఎక్కింది. జ్వరముందా అని అడిగి, ఉందంటే పేరు రాసుకుని మందులిచ్చి, మూడు రోజుల్లో మళ్లీ వస్తానమ్మా అని చెప్పి వెళ్లింది. రెండో అంతస్తు ఆయన ఈసారి తలుపు తీశాడు, దగ్గుతూనే. ఏ తలుపు ఎందుకు తెరుచుకుందో, ఏది తెరుచుకోలేదో ఆమెకు తెలిసినంత ఇంకెవరికి తెలుస్తుంది? ఆమె రాసే పుస్తకం చదవాలని ఉంది నాకు.