కంచె దాటి ఫోటో దిగాలా?

ఇప్పుడే హోటల్ రూముకి వచ్చాం. పిల్లలు పడుకున్నారు. నాకు కోపం తగ్గట్లేదు, అందుకే రాస్తున్నాను.

ఈ రోజు కాలిఫోర్నియాలో సెకోయా నేషనల్ పార్కుకి వెళ్ళాం. అక్కడ జనరల్ షెర్మన్ అనే సెకోయా చెట్టు ఉంది, మాను పరిమాణంలో ప్రపంచంలోకెల్లా పెద్దది. దాని చుట్టూ కంచె ఉంది, లోపలికి రావద్దని బోర్డు కూడా ఉంది. మన తెలుగాయనే, మా బాబాయి వయసు ఉంటుంది, కంచె దాటి, ఐదారేళ్ళ మనవణ్ణి కూడా ఎత్తి అవతల దించాడు. ఇద్దరూ మానుకి వీపు ఆనించి ఫోటో. "అంకుల్, ఇవతలకి రండి, అటు వెళ్ళకూడదు" అన్నాను. "ఒక్క ఫోటోకి ఏమైపోతుందమ్మా, ఇంత పెద్ద చెట్టు!" అన్నాడు. వస్తూ వస్తూ కొబ్బరి పీచులా ఉన్న ఎర్రటి బెరడులోంచి ఒక పోగు లాగి పిల్లాడి చేతిలో పెట్టాడు.

ఇంత పెద్ద చెట్టట! పెద్దదైతే దెబ్బ తగలదా? ఎంత పెద్దదో ఆయనకు తెలుసా అసలు? ఎత్తు 83.8 మీటర్లు. నేల దగ్గర చుట్టుకొలత 31 మీటర్ల పైమాటే. ఎత్తులో దీన్ని మించినవి కాలిఫోర్నియా తీరంలోనే ఉన్నాయి, హైపీరియన్ అనే రెడ్‌వుడ్ చెట్టు 115 మీటర్లు దాటింది. షెర్మన్ గొప్పంతా మానులో ఉంది. ఆ ఒక్క మాను 1,487 ఘనపు మీటర్లు. మన అపార్ట్‌మెంట్లకు వచ్చే పదివేల లీటర్ల వాటర్ ట్యాంకర్లు దాదాపు 149 కలిపితే ఎంతో అంత! 2006లో దీని కొమ్మ ఒకటి విరిగిపడింది. కొమ్మే రెండు మీటర్ల మందం, ముప్పై మీటర్ల పొడవు.

ఇంత మానుకీ కింద తల్లివేరు లేదు. వేళ్ళు లోతుకు పోకుండా పైపైనే చుట్టూ పాకుతాయి. జనం తొక్కీ తొక్కీ నేల గట్టిపడితే వాటికి నీళ్ళూ గాలీ అందవు. కంచె వేసింది అందుకు. 2020లో వచ్చిన ఒక్క కార్చిచ్చే వేల పెద్ద సెకోయాలను పొట్టన పెట్టుకుంది. 2021లో మంటలు ఇటు వస్తుంటే ఫైర్ సిబ్బంది ఈ షెర్మన్ మొదలు చుట్టూ అల్యూమినియం దుప్పట్లు కప్పి కాపాడుకున్నారు. వాళ్ళు ప్రాణాలకు తెగించి కాపాడిన బెరడుని ఈయన గోళ్ళతో లాగుతాడు.

ఈ పిచ్చి ఇప్పటిది కాదులెండి. 1853లో కాలిఫోర్నియాలోనే కాలవెరాస్ అనే చోట ఇలాంటి మహావృక్షాన్నే మూడు వారాల పాటు బర్మాలతో తొలిచి తొలిచి పడగొట్టారు. ఇంటికి కలప కావాలనా? కాదు, జనానికి చూపించి డబ్బు చేసుకోవడానికి! వలయాలు లెక్కపెడితే వెయ్యేళ్ళు దాటినట్టు తేలింది. మిగిలిన మొద్దు మీద జనం డాన్సు చేశారు. మరుసటి ఏడాది పక్కనే ఇంకో చెట్టు నిలబడి ఉండగానే తోలు ఒలిచినట్టు బెరడు ఒలిచి న్యూయార్కుకీ లండన్‌కీ తీసుకెళ్ళారు. అది నిలువునా ఎండిపోయింది. మొదటిసారి ఈ సంగతి చదివినప్పుడు ఆ రాత్రి నాకు అన్నం సయించలేదు.

ఎందుకంటే మా ఇంట్లోనూ అదే జరిగింది. మా నాయనమ్మ వాకిట్లో చింతచెట్టు ఉండేది. దాని గింజలతోనే మేం వామనగుంటలు ఆడేవాళ్ళం. మా పెదనాన్న కారు కొనగానే ఆ చెట్టు కంట్లో నలుసైపోయింది. ఇంటి ముందు చింత ఉండకూడదన్నాడు, దయ్యాలన్నాడు, ఆకు రాలి చెత్తన్నాడు. అరవై ఏళ్ళు లేని దయ్యాలు కారుతో పాటే వచ్చాయా? ఒక్కరోజులో రంపంతో కోయించేశాడు. నాయనమ్మ అరుగు మీద కూర్చుని కళ్ళొత్తుకుంటూనే ఉంది. మేం ఎవ్వరం నోరెత్తలేదు, పెద్దవాడు కదా అని. ఇప్పుడు మిట్టమధ్యాహ్నం ఆ చెట్టు చోట వేసిన కారు షెడ్డులో కారు డోరు ముట్టుకుంటే చెయ్యి చురుక్కుమంటుంది.

అందుకే ఈ రోజు నోరెత్తాను. మా ఆయన "మనకెందుకు, టెన్షన్ పడకు" అంటూ చెయ్యి పట్టి లాగారు. ఎందుకు కాదు, మనకే! మన భాషలోనే కదా ఆయన నాకు జవాబు చెప్పింది.

సాయంత్రం పార్కింగ్‌కి వచ్చేసరికి వాళ్ళ కారు వెళ్ళిపోయింది. అది ఆగిన చోట తారు మీద ఆ ఎర్రటి పీచు పోగు పడి ఉంది.