తండా పేరు చెరిపేయొద్దు

1999లో, మళ్లీ 2001లో హైదరాబాద్‌లో పసిపిల్లల అమ్మకాల కేసులు బయటపడినప్పుడు మా నల్లగొండ జిల్లా తండాల పేర్లు పేపర్లకెక్కాయి. మళ్లీ ఆడపిల్లే పుట్టిందని దిగులుపడే లంబాడీ ఇళ్లకు దళారులు వచ్చి, కొద్దిపాటి డబ్బు చేతిలో పెట్టి పసిగుడ్డును దత్తత సంస్థలకు తీసుకెళ్లేవారు. అంత పేదరికంలో బిడ్డను ఇచ్చేస్తూ తల్లి వేసిన వేలిముద్రను ఇష్టపూర్వక సమ్మతి అనడానికి నాకు నోరు రాదు.

ఆనాటి పిల్లలకు పాతికేళ్లు దాటాయి. దత్తతకు విదేశాలకు వెళ్లినవాళ్లలో కొందరు కన్నవాళ్ల కోసం వెతుకుతున్నారు. తెల్లవాళ్ల ఇంట్లో ఎంత ప్రేమగా పెరిగినా, తన రంగు, తన ముఖం ఆ ఇంట్లో ఇంకెవరికీ ఉండవు. అలాంటి అమ్మాయి ఇక్కడ విదేశంలో మన తెలుగు సంఘం జరిపే ఉగాదికి వస్తే మనవాళ్లు ముందు అడిగేది ఇంటిపేరు, తర్వాత ఊరు, ఆ తర్వాత చుట్టూ తిప్పి కులం. తెలియదంటే జాలిపడి, ‘ఏమైనా నువ్వు మన తెలుగమ్మాయివే’ అంటారు. ప్రేమతోనే అంటారు. కానీ తండాలో పుట్టిన పిల్ల అమ్మ మాట్లాడేది లంబాడీల భాష గోర్‌బోలి. అక్కడి పాట వేరు, పండగ వేరు. ఆ సంగతి దాటేస్తే, ఆమె పుట్టుకలో సగం మనమే దాచినట్టు.

డీఎన్‌ఏ పరీక్షతో అన్నీ తేలిపోతాయనుకుంటాం. దేవరకొండ అవతల తండాలో ఉన్న తల్లి ఆ పరీక్ష ఎప్పుడు చేయించుకుంది? దూరపు చుట్టం ఎవరైనా తగిలితే తగలొచ్చు, అంతే. భారతదేశపు 2022 దత్తత నిబంధనల ప్రకారం 18 ఏళ్లు నిండినవాళ్లు తమ మూలాల కోసం సొంతంగా దరఖాస్తు పెట్టుకోవచ్చు. కన్నతల్లి గోప్యతకు మాత్రం భంగం కలగకూడదు. మంచి నిబంధనే. అయితే పాత ఫైల్లో తల్లి పేరో ఊరో తప్పుగా రాసి ఉంటే ఆ హక్కు అక్కడే ఆగిపోతుంది.

అక్కడ కావాల్సింది మనుషులు. పాత తెలుగు కాగితాలు చదివి చెప్పేవాళ్లు మన సంఘాల్లోనే ఉన్నారు. తండాకు వెళ్లి గోర్‌బోలిలో మాట్లాడగల లంబాడీ సామాజిక కార్యకర్తలు అక్కడున్నారు. వీళ్లిద్దరినీ కలిపే పని మనం మొదలుపెట్టాలి, దానికి నిధి కేటాయించాలి.

ఫొటో పట్టుకుని ఊరంతా తిరగడం, వాట్సాప్‌లో తిప్పడం, టీవీ వాళ్లను పిలవడం వద్దే వద్దు. బిడ్డను ఇచ్చేసిన సంగతి ఆ తల్లి కోడళ్లకు, అల్లుళ్లకు తెలియకపోవచ్చు. ఒక ఆడమనిషి వెళ్లి, ఆమెతో ఒంటరిగా మాట్లాడి, ముందు ఆమె ఇష్టం కనుక్కోవాలి. ఆమె వద్దంటే, ఆ మాటను కూడా అంతే జాగ్రత్తగా ఇక్కడి బిడ్డకు చేర్చాలి.