కొత్త దర్శనానికి పాత తేదీ ఎందుకు?

వెలుగు మీదా రంగుల మీదా ఎవరైనా కొత్తగా ఒక ఆధ్యాత్మిక దర్శనం, అంటే లోకాన్ని అర్థం చేసుకునే తీరు, అల్లుకుంటే అందులో తప్పు పట్టాల్సిందేమీ లేదు. మనిషి ఎప్పటినుంచో ఆ పని చేస్తూనే ఉన్నాడు. 12వ శతాబ్దంలో సుహ్రవర్దీ అనే పారశీక తాత్త్వికుడు ఉన్నదంతా వెలుగులోని హెచ్చుతగ్గులేనని చెప్పాడు. ఆ తర్వాతి శతాబ్దంలో ఇంగ్లండులో రాబర్ట్ గ్రోస్‌టెస్ట్, ఒక్క వెలుగు బిందువు అన్ని దిక్కులకూ వ్యాపించడం వల్లే విశ్వం ఏర్పడిందని రాశాడు. చిత్రకారుడు కాండిన్‌స్కీకి పసుపు చూసేవాడి మీదికి దూసుకొచ్చే రంగు, నీలం దూరంగా లోలోపలికి లాక్కెళ్లే రంగు. ముగ్గురూ తమ పేరుతోనే రాశారు. ఒప్పుకోనివాళ్లు ఫలానా మనిషితో వాదనకు దిగగలిగారు.

నా పేచీ వేరేచోట ఉంది. యోగసాధకులు ఒంట్లో ఉన్నాయని చెప్పే ఏడు చక్రాలకు ఇంద్రధనుస్సులోని ఏడు రంగులూ వరసగా వేసిన పటం ఒకటి మనందరికీ తెలుసు. సంఘాల కార్యక్రమాల్లో, యోగా తరగతుల్లో, వాట్సాప్ గ్రూపుల్లో అది తిరుగుతూనే ఉంటుంది. దాని కింద దాదాపు ఎప్పుడూ ఒకటే మాట: వేల ఏళ్లనాటి వేద విజ్ఞానం. ఆ మాట నిజం కాదు. నిజం కాదని తెలిశాక కూడా మనం దాన్ని మోస్తూ ఉండకూడదు.

షట్చక్రాల, అంటే నడినెత్తిన ఉండే సహస్రారం కాక మిగిలిన ఆరు చక్రాల, వర్ణనకు అందరూ ప్రమాణంగా తీసుకునే గ్రంథాల్లో ముఖ్యమైనది 'షట్చక్రనిరూపణం'. 1577లో బెంగాల్‌లో పూర్ణానందస్వామి రాసిన తాంత్రిక గ్రంథంలోని భాగం అది. అది వేదం కాదు. తెరిచి చూడండి. అందులో ప్రతి చక్రమూ ఒక పద్మమే. హృదయంలోని అనాహత పద్మం బంధూక పుష్పంలా, అంటే మంకెన పువ్వులా, ఎర్రగా వెలుగుతుందని ఉంటుంది. మన పటంలో అది ఆకుపచ్చ. నాభి దగ్గరి మణిపూరక దళాలు నిండు మేఘంలా నల్లగా ఉంటాయి. పటంలో పసుపు. కనుబొమల మధ్యనున్న ఆజ్ఞాచక్రం చంద్రుడిలా తెల్లనిది. పటంలో ఇండిగో, అంటే ముదురు నీలం. మూలాధారం ఒక్కటి మాత్రం రెండుచోట్లా ఎరుపే.

మరి ఆ ఇండిగో ఎక్కణ్నుంచి వచ్చింది? న్యూటన్ దగ్గర్నుంచి. పట్టకం గుండా సూర్యకాంతిని పంపి ఆయన మొదట్లో లెక్కపెట్టింది ఐదు ముఖ్యమైన రంగులే. సంగీతంలోని స్వరాల అంతరాలతో సరితూగాలని నారింజ, ఇండిగో చేర్చి ఏడు చేశాడు. 1704లో అచ్చయిన 'ఆప్టిక్స్'లో ఆ ఏడూ స్థిరపడ్డాయి. వాటిని చక్రాలకు ఒక్కొక్కటిగా అతికించడం 20వ శతాబ్దపు పశ్చిమదేశాల పని, 1970లలో బాగా ప్రచారంలోకి వచ్చింది. ఒక ఆంగ్లేయుడి సంగీతాభిమానం మన ఆజ్ఞాచక్రానికి రంగు వేసిందన్నమాట. ఈ కథ నాకు ఆ పటంకన్నా ఎంతో ఆసక్తిగా అనిపిస్తుంది. దాచుకోవాల్సిన అవసరం ఏముంది?

ఆ వరసలో రంగుల్ని తలచుకుంటూ కళ్లు మూసుకుని కూర్చుంటే మనసు కుదుటపడేవాళ్లు ఉంటారు. కూర్చోనివ్వండి. ధ్యానానికి ఆలంబనం పాతదే అయ్యుండాలని నియమం లేదు. కానీ అక్కణ్నుంచి ఒక్క అడుగు వేసి రంగు రోగాలు నయం చేస్తుందని చెప్పడం మొదలైతే గట్టిగా అడ్డుపడాలి. బొంబాయిలో పుట్టి అమెరికా వెళ్లిన దిన్‌షా ఘడియాలీ రంగు అద్దాల దీపంతో మధుమేహంతో సహా ఎన్నో జబ్బులు తగ్గుతాయని ఆ యంత్రాల్ని వేల సంఖ్యలో పంపిణీ చేశాడు. 1947లో అక్కడి ఫెడరల్ కోర్టు ఆయన్ని దోషిగా తేల్చింది. వెలుగుతో వైద్యం లేదని కాదు. కామెర్లు వచ్చిన పసికందుల్ని ఆసుపత్రిలో నీలికాంతి కింద పడుకోబెడతారు. సుమారు 460 నానోమీటర్ల తరంగదైర్ఘ్యం ఉన్న ఆ కాంతి ఒంటిని పచ్చబరిచే బిలిరుబిన్ అనే పదార్థాన్ని తేలిగ్గా బయటికి పోయే రూపంలోకి మారుస్తుంది. రక్తపరీక్షలో ఆ తగ్గుదల కనబడుతుంది. అది కొలిచి చూపించగల వైద్యం. నమ్మమని అడిగేది కాదు.

రంగులతో దర్శనం కట్టాలనుకునేవాళ్లకు మన నేల మీద నిజంగా పాతవైన నమూనాలు ఉన్నాయి. నాకు అన్నిటికన్నా ఇష్టమైనది జైనుల లేశ్యా సిద్ధాంతం. జీవుడికి కర్మ వల్ల అంటుకునే ఛాయలు ఆరు: కృష్ణ (నలుపు), నీల (నీలం), కాపోత (పావురపు బూడిదరంగు), తేజో (నిప్పులాంటి ఎరుపు), పద్మ (పసుపు), శుక్ల (తెలుపు). దీన్ని చెప్పడానికి వాళ్లకొక కథ ఉంది. ఆకలిగొన్న ఆరుగురు పళ్లతో నిండిన నేరేడు చెట్టు దగ్గరికొస్తారు. మొదటివాడు వేళ్లతో సహా పెకలిద్దామంటాడు. రెండోవాడు మాను నరికితే చాలంటాడు. మూడోవాడు పెద్ద కొమ్మ, నాలుగోవాడు పళ్లున్న రెమ్మలు, ఐదోవాడు ఉత్త పళ్లు కోసుకుందామంటారు. ఆరోవాడు మాత్రం కింద రాలినవి ఏరుకుందామంటాడు. ఆరుగురిదీ ఒకటే ఆకలి. ఆ ఆకలి తీర్చుకోవడానికి ఎవరు ఎంత హింసకు సిద్ధపడ్డారన్నదే వాళ్ల రంగు. ఇక్కడ రంగు నాకేమిస్తుంది అన్న ప్రశ్నే లేదు. నా నడవడి నాకు ఏ రంగు పూస్తోంది అన్నదే ప్రశ్న.

ఛాందోగ్యోపనిషత్తు ఆరో అధ్యాయం ఇంకో దారి చూపిస్తుంది. ఉద్దాలకుడు కొడుకు శ్వేతకేతుకు నిప్పును చూపిస్తున్నట్టు చెబుతాడు: అందులోని ఎరుపు తేజస్సుది, తెలుపు నీటిది, నలుపు అన్నానిది. ఈ మూడు రూపాలే నిజం, 'అగ్ని' అన్నది మాటగా మిగిలిన పేరు. సూర్యుడు, చంద్రుడు, మెరుపుల విషయంలోనూ ఇదే పద్ధతి. రంగుల్ని వేరుచేసి చూపించి, మనం గట్టిగా ఉందనుకున్న వస్తువును కరిగించేస్తాడు.

ఈ రెండూ పక్కనపెట్టి ఆ పటాన్ని పిల్లలకు వేదమని చూపిస్తే ఏమవుతుందో మనకు తెలుసు. ఇప్పుడు చదువుకునే పిల్లలు ఏది విన్నా ఆధారం అడుగుతారు, ఫోన్‌లో వెతికి క్షణాల్లో తేల్చేస్తారు. పటం అబద్ధమని తేలిన రోజున దానితోపాటు ఉద్దాలకుణ్ని కూడా అవతల పారేస్తారు. అది నాకు మింగుడుపడని నష్టం.

కొత్తది కావాలంటే కొత్తగానే కడదాం, దానికి సరుకు కొరత లేదు. ఎరుపూ ఊదా కలిసినట్టుండే మెజెంటా రంగునే తీసుకోండి. వర్ణపటంలో దానికి చోటు లేదు. కంటిలో ఎరుపును, నీలాన్ని పట్టే కణాలు ఒకేసారి స్పందించి, మధ్యలోని ఆకుపచ్చ కణాలు అంతగా స్పందించనప్పుడు మెదడు కల్పించుకునే రంగు అది. లేదా జర్మన్ కవి గోథే చేసినట్టు పట్టకాన్ని కంటికి ఆనించుకుని తెల్లటి గోడను చూడండి. గోడ తెల్లగానే ఉంటుంది. అదే పట్టకంతో వెలుతురున్న కిటికీ చట్రం వైపు తిరిగితే, చీకటీ వెలుగూ కలిసే ఒక అంచున ఎరుపు, పసుపు, ఎదుటి అంచున నీలం, ఊదా పుట్టుకొస్తాయి. వెలుతురు ఒక్కటే ఉన్నచోట రంగు లేదు, అది చీకటితో కలిసే హద్దులోనే ఉంది. దీని మీద ఎవరైనా దర్శనం రాస్తే నేను చదువుతాను, మన పత్రికలో వేయమని సంపాదకుల్ని అడుగుతాను కూడా. మొదటి పుటలో రాసినవారి పేరు, రాసిన సంవత్సరం ఉండాలి.