పొలంలోకి దిగొద్దనే అధికారం పోలీస్ స్టేషన్‌కు ఎక్కడిది?

భూమి తగువు స్టేషన్‌కు వెళ్తే తరచూ వినిపించే మాట ఒకటుంది: ‘తేలేదాకా ఇద్దరూ పొలంలోకి దిగొద్దు.’ వినడానికి న్యాయంగానే ఉంటుంది. కానీ ఆ మాటతో నష్టపోయేది ఒక్కడే, అప్పటిదాకా దున్నుకుంటున్నవాడు. అవతలివాడు ఆ మడిలో ఎప్పుడూ కాలు పెట్టలేదు, అతనికి పోయేదేముంది?

భీమిలి డివిజన్‌లో మా మేనమామకు జరిగింది ఇదే. తాతల నాటి జిరాయితీ (సొంత పట్టా) భూమి, ఏటా వరి వేస్తారు. పక్క సర్వే నంబరు కొన్నాయన, ఆ ముక్క కూడా తనదేనని ఫిర్యాదు పెట్టాడు. ఎఫ్ఐఆర్ లేదు, నోటీసు లేదు. ఫోన్ చేసి పిలిపించారు. అరవై దాటిన మనిషిని సాయంత్రం దాకా బెంచీ మీద కూర్చోబెట్టి, ‘దిగొద్దు పెద్దాయనా’ అని పంపేశారు. ఆకుమడి ముదిరిపోయింది, ఉభాలు (వరి నాట్లు) పడలేదు. పంట లేదు కాబట్టి ప్రభుత్వం పంటలు నమోదు చేసే ఈ-క్రాప్‌లో పేరెక్కలేదు. రేపు కోర్టులో అవతలి లాయరు ఈ ఏడు సాగు కాగితం చూపించమంటే ఏం చూపిస్తాడు? మామయ్య ఆ టెన్షన్‌తో నిద్రపోవడం లేదు.

చట్టంలో దీనికి దారి లేకపోతే పోలీసులను అనక్కర్లేదు. ఉంది. గొడవ ముదిరి శాంతికి భంగం కలిగేలా ఉంటే ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేట్‌కు (మామూలుగా తహసీల్దారుకో ఆర్డీవోకో) రిపోర్టు పంపాలి. పాత సీఆర్‌పీసీలో అది 145వ సెక్షన్, 2024 జూలై 1 నుంచి ఆ పాత నేర విచారణ చట్టం స్థానంలో వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత (బీఎన్ఎస్ఎస్)లో 164. భూమి హక్కు ఎవరిదన్న జోలికి పోకుండా, స్వాధీనంలో ఎవరున్నారో మేజిస్ట్రేట్ ఇరుపక్షాలనూ విని తేలుస్తారు. రిపోర్టుకు ముందు రెండు నెలల్లో ఎవరినైనా అక్రమంగా గెంటేసి ఉంటే, వాళ్ళే స్వాధీనంలో ఉన్నట్టు లెక్క వేయొచ్చు. ఇద్దరినీ ఆపి భూమిని జప్తు చేయడానికి 165 ఉంది, అదీ మేజిస్ట్రేట్ ఉత్తర్వుతోనే.

మరి ఎస్సై గారి నోటిమాటతో జరిగేదేమిటి? అచ్చంగా ఆ జప్తే. కాకపోతే సవాలు చేయడానికి చేతిలో కాగితం ఉండదు, ఎప్పటిదాకా అన్న గడువూ ఉండదు. నాకు కడుపు మండేది ఇక్కడే.

ఇంకో ఘోరం చూడండి. ట్రాక్టర్ తెచ్చి రాత్రికి రాత్రి పైరు తొక్కించేస్తే, మనుషుల్ని కొడితే, అది నేరం. అప్పుడు కేసు కట్టాలి. అప్పుడేమో ‘ఇది సివిల్ మేటర్, కోర్టుకెళ్ళండి’ అంటారు. జోక్యం చేసుకోకూడని చోట తీర్పు చెప్తారు, కేసు కట్టాల్సిన చోట తప్పుకుంటారు. అందరూ ఇలాగే ఉన్నారని నేననను. రెండు పక్షాలనూ తిప్పి పంపి, కొట్లాట జరిగితే మాత్రం ఊరుకోనని చెప్పిన అధికారిని కూడా చూశాను. ఆయన చేసిందే సరైన పని.

భోగాపురం ఎయిర్‌పోర్టు పనులతో ఆనందపురం, పద్మనాభం, భీమిలి వైపు భూమి మీద అందరి కళ్ళూ పడ్డాయి. విశాఖ భూముల వ్యవహారంలో 2017లోనే సిట్ (ప్రత్యేక దర్యాప్తు బృందం) వేయాల్సి వచ్చింది. ఇలాంటి చోట నోటిమాట ఎవరికి పనికొస్తుందో వేరే చెప్పాలా?

పొలం ఉన్నవాళ్ళు గుర్తుంచుకోండి. కేసు విచారణలో సాక్షిగా పిలవాలన్నా బీఎన్ఎస్ఎస్ 179 ప్రకారం రాతపూర్వక ఉత్తర్వు ఉండాలి. అరవై దాటిన మగవాళ్ళనూ, ఆడవాళ్ళనూ వాళ్ళుండే చోటే విచారించాలి. దిగొద్దంటే అదే మాట కాగితం మీద రాసి సంతకం పెట్టి ఇమ్మని మర్యాదగా అడగండి. తెల్లకాగితం రాజీ మీద మాత్రం సంతకం పెట్టకండి. స్వాధీనంలో ఉండగానే అవతలివాళ్ళు అడ్డు రాకుండా సివిల్ కోర్టులో ఇంజంక్షన్ (నిషేధ ఉత్తర్వు) కోసం దావా వేయండి. ఆ ఉత్తర్వును అవతలివాళ్ళు లెక్కచేయకపోతే పోలీసు సాయం ఇప్పించమని కోర్టునే అడగొచ్చు, కోర్టు ఆదేశిస్తే పోలీసులు రావాల్సిందే. ఇప్పటికే బలవంతంగా గెంటేశారా, 1963 స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 6వ సెక్షన్ కింద దావా వేయండి. అందులో హక్కు నిరూపించక్కర్లేదు, స్వాధీనం చూపిస్తే చాలు. గడువు ఆరు నెలలే. పెద్దమనుషుల పంచాయితీ అంటూ, స్టేషన్ చుట్టూ తిరుగుతూ దాన్ని దాటనివ్వకండి.