పెద్దమ్మకు ఇరవై తొమ్మిదేళ్ళు

తిరుపతిలో ఇల్లున్న మనిషికి బంధువుల కొరత ఉండదు. ఏదో పెళ్ళిలో ఒకసారి ఎదురుపడి నమస్కారం పెట్టినవాళ్ళు కూడా ఉన్నట్టుండి ఫోన్ చేస్తారు. ముందు ఆరోగ్యం గురించి అడుగుతారు, తర్వాత వానల గురించి అడుగుతారు, ఆ తర్వాత అసలు సంగతికి వస్తారు. "మీరు అక్కడే ఉంటారు కదా, మూడు వందల టికెట్లు మీకు ఒక లెక్కా?"

కొండ కింద కాపురం ఉంటే టికెట్లు వాటంతటవే కిందికి దొర్లుకుంటూ వస్తాయని లోకం నమ్మకం. మూడు వందల రూపాయల ప్రత్యేక ప్రవేశ దర్శనం టికెట్లు మూడు నెలల ముందే, ఉదయం 10 గంటలకు ఆన్‌లైన్‌లో విడుదలవుతాయనీ, ఆ నిమిషంలో అలిపిరిలో ఉన్నవాడూ అమెరికాలో ఉన్నవాడూ ఒకే వరుసలో నిలబడవలసిందేననీ ఎంత చెప్పినా ఎవరూ వినరు. స్థానికులకు నెలలో మొదటి మంగళవారం వేరే దర్శనం ఉన్న మాట నిజమే. దానికి ఇక్కడి చిరునామాతో ఆధార్ కావాలి. మా ఆవిడ పెద్దమ్మగారి ఆధార్ అనకాపల్లిది.

ఆ పెద్దమ్మగారికీ పెదనాన్నగారికీ టికెట్లు తీసే బాధ్యత మా బావమరిది మీద పడింది. అతను బైరాగిపట్టెడలోని మా ఇంటి నుంచే ఒక బెంగళూరు కంపెనీకి పనిచేస్తాడు. పనిచేస్తాడన్నది ఆ కంపెనీ నమ్మకం. మాకు కనిపించేది మాత్రం మధ్యయుగపు సైన్యాలు, వాటి వెనుక తెర మూలన వణుకుతూ నిలబడ్డ ఒక ఆఫీసు ఫైలు.

అతను ఆటను తెర నిండా కాకుండా ఒక చిన్న చట్రంలో, అంటే విండో మోడ్‌లోనే, ఎందుకు ఆడతాడో చెప్పాలంటే కొంచెం పాత చరిత్ర ఎత్తాలి.

మొదట్లో అందరిలాగే ఫుల్‌స్క్రీన్‌లో ఆడేవాడు. అప్పటి మా కంప్యూటర్‌లో విండోస్ 7 ఉండేది. అందులో 1999 నాటి ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ 2 పెట్టాడు. అది 256 రంగులతో సరిపెట్టుకున్న కాలపు ఆట. ఆ రంగుల పట్టిక విషయంలో దానికీ విండోస్ 7కీ పొసగేది కాదు. గడ్డీ నీళ్ళూ ఊదారంగుకీ ఎరుపుకీ తిరిగిపోయేవి. దీనికి అప్పట్లో కుర్రాళ్ళందరికీ తెలిసిన చిట్కా ఒకటుంది. టాస్క్ మేనేజర్‌లోకి వెళ్ళి, డెస్క్‌టాప్‌ను నడిపే ఎక్స్‌ప్లోరర్‌ను ఆపేయాలి. రంగులు దారికి వస్తాయి. కాకపోతే డెస్క్‌టాప్ మీది ఐకాన్లూ, కింద టాస్క్‌బారూ కూడా దానితోపాటే మాయమవుతాయి. సరిగ్గా అలాంటి సమయంలో మా ఆవిడ చీటీల లెక్క చూసుకోవడానికి వచ్చింది. ఆట ఆపితే వెనుక ఏమీ లేదు. ఐకాన్లు లేవు, మెనూ లేదు, ఇరవైమంది ఆడవాళ్ళ చీటీల లెక్క లేదు. ఆ మధ్యాహ్నం మా వీధిలో ఎవరూ నిద్రపోలేదు.

చిట్కా మానేశాక ఇంకో తంటా మొదలైంది. ఆ ఆట తెర మీది చుక్కల లెక్కను 800×600కు మార్చుకునేది. ఆట ముగిసి తెర మామూలుకు వచ్చేసరికి ఐకాన్లన్నీ పై మూలలో ఒకదాన్నొకటి తోసుకుంటూ ఉండేవి. ఏ ఐకాన్ ఎక్కడ ఉండాలో మా ఆవిడ దగ్గర ఒక శాస్త్రం ఉంది. పాల లెక్క పక్కన గ్యాస్ బిల్లు, దాని కింద పిల్లవాడి ఫీజు రసీదులు. ఆ వరుస మూడోసారి చెదిరిన రోజున ఆమె తీర్పు చెప్పింది. "ఒరేయ్, ఇక మీద నీ ఆట ఎంత మేర ఉందో, దాని వెనుక నాదేముందో రెండూ నాకు కనిపించాలి."

వెనకటికి, 1980లలో, కొన్ని కంప్యూటర్ ఆటల్లో 'బాస్ కీ' అని ఒకటి ఉండేది. పైఅధికారి అడుగుల చప్పుడు వినగానే అది నొక్కితే ఆట స్థానంలో లెక్కల పట్టిక ప్రత్యక్షమయ్యేది. మా ఇంట్లో పైఅధికారికి ఆ పట్టికలోని అంకెలు తనవో కావో ఒక్క చూపులో తెలిసిపోతుంది కాబట్టి ఆ విద్య ఇక్కడ పనికిరాదు.

అలా విండో మోడ్ మా ఇంటి చట్టమైంది. చట్టం ఉన్నచోట సందులు వెతికేవాళ్ళూ ఉంటారు. ఆమె వంటింట్లోకి వెళ్ళగానే ఆల్ట్, ఎంటర్ కలిపి నొక్కి ఆటను తెర నిండా పరిచేవాడు. కుక్కర్ మూడో కూతకు మళ్ళీ నొక్కి కుదించేవాడు. కొన్నాళ్ళు అంచులు లేని విండో అనే ఎత్తు వేశాడు. సాంకేతికంగా అది విండోయే, చూపుకు మాత్రం తెర నిండా ఉంటుంది. "అక్కా, ఇది విండోయే, కావాలంటే సెట్టింగ్ చూడు" అని వాదించాడు. "నా గ్యాస్ బిల్లు ఎక్కడుందో చూపించు, తర్వాత నీ సెట్టింగ్ చూస్తాను" అంది. కేసు అక్కడితో కొట్టేశారు. పాత ఆటను 640×480లోనే పెట్టుకోమని నేను రాజీ చెప్పబోయాను. మా కొత్త తెర 1920×1080. లెక్క వేస్తే అందులో ఏడో వంతు కంటే కాస్త ఎక్కువే ముడుతుంది. "సామ్రాజ్యానికి ఏడో వంతా బావా!" అని వాపోయాడు.

నన్నడిగితే, ఫుల్‌స్క్రీన్ అనేది గది తలుపుకు గడియ పెట్టుకోగలిగినవాళ్ళ సుఖం. నలుగురున్న ఇంట్లో ఆటకు విండోయే తగినది. పాలవాడు పిలిస్తే వినిపిస్తుంది, ఆఫీసు వాళ్ళు పిలిస్తే కనిపిస్తుంది. అందులో ఒక చిన్న నష్టం ఉన్న మాట వాస్తవం. విస్టా అనే కూర్పు కాలం నుంచి విండోస్ అన్ని విండోలనూ తన దగ్గర కూర్చి, ఆ పైన తెర మీద పెడుతుంది. విండోలో ఆడే ఆట కూడా ఆ దారినే రావాలి కాబట్టి బొమ్మ రవ్వంత ఆలస్యమవుతుంది. విండోస్ 11లో ఆ ఆలస్యం తగ్గించే సెట్టింగ్ ఒకటి పెట్టారు. మా బావమరిది దాన్ని కావాలనే వేసుకోడని నా అనుమానం. ఓడినప్పుడల్లా చెప్పుకోవడానికి ఒక కారణం ఉండాలి కదా.

అసలు ఇబ్బంది ఆలస్యంతో కాదు, అంచులతో. ఇలాంటి ఆటల్లో మౌసును తెర అంచుకు తోస్తే పటం ఆ వైపు జరుగుతుంది. ఫుల్‌స్క్రీన్‌లో అంచు అంటే గోడ. ఎంత తోసినా బాణం గుర్తు అక్కడే ఆగుతుంది. విండోలో ఆ గోడ ఉండదు. బాణం గుర్తు ప్రహరీ లేని పెరట్లోని మేకలాగా సరాసరి పక్కవాళ్ళ మొక్కల్లోకి వెళ్ళిపోతుంది. మౌసును విండోలోనే కట్టిపడేసే ఏర్పాటు చాలా ఆటల్లో ఉంది. అది వేసుకుంటే ఆఫీసు పిలుపు వచ్చినప్పుడు చప్పున బయటికి రాలేనని అతను వేసుకోలేదు.

టికెట్లు విడుదలయ్యే రోజు వచ్చింది. పదికి పది నిమిషాల ముందే నేను ఆధార్ నంబర్ల కాగితంతో కుర్చీ వేసుకున్నాను. మా ఆవిడ ఫోన్ పట్టుకుని ఓటీపీ కోసం సిద్ధంగా నిలబడింది. అదే ఫోన్‌లో పెద్దమ్మగారు వీడియో కాల్‌లో ఉన్నారు. అనకాపల్లి నుంచి పర్యవేక్షణ. బావమరిది బ్రౌజర్‌ను ఎడమవైపు పెట్టాడు, కుడివైపు ఆట తెరిచాడు.

"ఇదేమిటిరా, ఇప్పుడా?" అంది మా ఆవిడ.

"క్యూలో మన వంతు వచ్చేదాకా ఏం చేస్తాం అక్కా? పేజీని కదపకూడదని వాళ్ళే రాశారు."

అంతలో వరుసలో మా స్థానం చూపించే పేజీ వచ్చింది. ఆ అంకె చూసి మా ఆవిడ ఏమీ అనలేకపోయింది. ఆట సాగింది.

ఇప్పుడతను ఆడేది అదే ఆటకు 2019లో వచ్చిన కొత్త రూపం, డెఫినిటివ్ ఎడిషన్. అందులో 2022లో ద్రావిడులను కూడా చేర్చారు. వాళ్ళకు ఏనుగుల మీద విలుకాళ్ళుంటారు. పైగా ఆన్‌లైన్ పోటీ, అవతలివాడు ఏ ఖండంలోనో ఉన్నాడు, దర్శనం టికెట్ల కోసం ఆగమంటే ఆగడు. ఏనుగులు రణరంగంలోకి దిగగానే స్పీకర్లలోంచి ఘీంకారం లేచింది.

"అయ్యో, ఏనుగులు!" అన్నారు పెద్దమ్మగారు ఫోన్‌లోంచి. "మీ ఇంటిదాకా వచ్చేస్తున్నాయా అమ్మాయ్? శేషాచలం అడవి పక్కనే కదా మీరు. తలుపులు వేసుకోండి."

"అవి ఇంట్లోవే పెద్దమ్మా" అంది మా ఆవిడ పళ్ళు బిగించి.

వంతు వచ్చేసింది. తేదీ దొరికింది, సమయం దొరికింది. పేజీ పైన నిమిషాలు తరగడం మొదలైంది. నేను చదువుతుంటే అతను కొట్టాడు. పెద్దమ్మగారి పేరు, ఆధార్, వయసు 64. పెదనాన్నగారి ఆధార్ నంబరులో చివరి అంకె కాగితం మడతలో పడి ఆరో ఎనిమిదో తెలియలేదు. మా ఆవిడ వాట్సాప్‌లో ఫొటో వెతకసాగింది. ఆ అరనిమిషం ఖాళీలో బావమరిది ఆటలోకి ఒక చూపు వేసి, "కోట పోతోంది బావా" అని ఒక చెయ్యి వేశాడు. మౌసు చక్రాన్ని జరజర తిప్పాడు. ఆ ఆటలో చక్రం తిప్పితే పటం దగ్గరకూ దూరానికీ జరుగుతుంది. తిప్పాడు గానీ పటం కదల్లేదు. పాడు ఆలస్యం అని గొణుక్కుని మళ్ళీ తిప్పాడు.

ఫొటో దొరికింది. అంకె ఎనిమిది. పెదనాన్నగారి వయసు 71 అని కొట్టించాను. ఓటీపీ రావడానికి ఇంకో అరనిమిషం పట్టింది. మళ్ళీ ఏనుగులు, మళ్ళీ చక్రం, ఈసారి పైకి. ఓటీపీ వచ్చింది, డబ్బు కట్టాం, టికెట్ చేతికి వచ్చింది. ఇంట్లో పండుగ వాతావరణం. వీడియోలో పెద్దమ్మగారు రెండు చేతులూ జోడించి గోవింద గోవింద అన్నారు. అవతలివాడు కోట పడగొట్టాడు. అయినా బావమరిది నవ్వుతూనే ఉన్నాడు.

ప్రింటు తీసి చూసింది మా ఆవిడ. పెద్దమ్మగారి వయసు 29. పెదనాన్నగారి వయసు 97.

కాసేపు ఎవరికీ అర్థం కాలేదు. తర్వాత బావమరిదే, వృత్తిధర్మం కొద్దీ, కారణం విప్పి చెప్పాడు. విండోస్ 10 వచ్చినప్పటి నుంచి మౌసు చక్రం మనం పనిచేస్తున్న విండోకు కాకుండా బాణం గుర్తు కింద ఏ విండో ఉంటే దానికి పనిచేస్తుంది. గుర్తు ఆట అంచు దాటి బ్రౌజర్‌లోని వయసు గడి మీదికి జారింది. ఆ గడి ఎంచుకునే ఉంది. అంకెలు మాత్రమే పట్టే గడిలో చక్రం కిందికి తిప్పితే అంకె తగ్గుతుంది, పైకి తిప్పితే పెరుగుతుంది. "అందుకే పటం కదల్లేదు" అని ముగించాడు. గొంతులో కొంచెం ఊరట వినిపించింది. తన కంప్యూటర్‌లో లోపం లేదని తేలింది కదా.

"నీ పటం సంగతి సరే. మా పెదనాన్నకు ఇరవై ఆరేళ్ళు పెంచావు!" అంది మా ఆవిడ.

ఒకసారి తీసిన టికెట్ రద్దు చేసుకునే వీలు లేదు. విషయం పెద్దమ్మగారికి చెప్పక తప్పలేదు. ఆవిడ మొదట సరిగ్గా వినిపించలేదన్నారు. రెండోసారి చెప్పించుకున్నారు. మూడోసారి చెప్పమన్నప్పుడు వినికిడి లోపం కాదని మాకు తెలిసిపోయింది. "పోనీలే అమ్మా, పిల్లవాడు కావాలని చేశాడా? దేవుడి కాగితం మీద అలా పడిందంటే ఏదో ఉండే ఉంటుంది" అన్నారు. వెనుక నుంచి పెదనాన్నగారి గొంతు వినిపించింది. "దానికి తగ్గిస్తే తగ్గించారు, నాకెందుకు పెంచారు?"

ఆ మూడు నెలలూ మా ఆవిడకు ఒకటే దిగులు. తీరా కొండ మీద క్యూలో తనిఖీ చేసే ఉద్యోగి ఆధార్ కార్డులు చూశాడు, ముఖాలు చూశాడు, టికెట్ చూశాడు, మళ్ళీ ముఖాలు చూశాడు. పేర్లూ నంబర్లూ సరిపోయాయి. "తాతగారూ, 97 ఏళ్ళకు మీరు బాగా నడుస్తున్నారు" అన్నాడు. పెదనాన్నగారు ఏదో అనబోతుంటే పెద్దమ్మగారు చెయ్యి పట్టుకుని ముందుకు లాక్కుపోయారట. పోతూ పోతూ ఆ ఉద్యోగితో, "నా వయసు కూడా చూశారా బాబూ?" అని అడిగారట.

కిందికి దిగి వచ్చాక ఆ టికెట్‌ను మడత పడకుండా ప్లాస్టిక్ కవరులో పెట్టించుకుని అనకాపల్లి తీసుకువెళ్ళారు. ఎవరెవరికి చూపించారో తెలియదు. ఇప్పుడు టికెట్ల కోసం ఫోన్లు నాకు రావడం తగ్గిపోయింది, నేరుగా మా బావమరిదికే వస్తున్నాయి. చేసేవాళ్ళంతా ఆడవాళ్ళే. మా అత్తగారు కూడా నిన్న చేశారు. మాట్లాడినంతసేపూ కొడుకు ఉద్యోగం గురించి గానీ, పెళ్ళి సంబంధాల గురించి గానీ ఎత్తలేదు.

"వచ్చే నెల నాకూ ఒకటి తియ్యి నాయనా. ఆ ఏనుగుల ఆట పక్కన పెట్టుకునే తియ్యి. నలభై దాటకుండా చూడు, అంతే."