కారు పన్నుల అంచనా గారికి, చెన్నై రాయపురం నుంచి

అంచనా గారికి,

క్షేమమా అని అడగను. మీరెప్పుడూ క్షేమమే, పూటపూటకీ ఒళ్ళు చేస్తూనే ఉన్నారు. చిక్కిపోయింది మేము.

మీరు పుట్టింది పోయిన దసరా సెలవుల్లో, నా లాప్‌టాప్‌లో. అప్పుడు మీరు ఒకే ఒక్క లైను. ఇంగ్లండ్‌లో లెస్టర్‌లో ఉండే మా బావ ఫోన్ చేసి, ఇక చాల్రా, చెన్నై వచ్చేస్తున్నాం, పిల్లని మన ఊళ్ళోనే చదివిస్తాం అని అంతా చెప్పి, పెట్టేసే ముందు నసుగుతూ "నా కారు కూడా తెచ్చుకుంటే ఎంతవుతుందో కాస్త చూసి పెట్టరా, నువ్వు లెక్కల్లో గట్టివాడివి కదా" అన్నాడు. ఇంట్లో ఒకసారి ఈ పేరు పడితే ఇక చచ్చేదాకా పోదు. పెళ్ళి వంటకి ఎన్ని కిలోల వంకాయలు కావాలన్నా నన్నే అడుగుతారు.

కారు నీలం రంగుది, 1,499 సీసీ పెట్రోలు బండి, వయసు రెండున్నరేళ్ళు. బావ దాన్ని సెకండ్ హ్యాండ్‌లో 11,000 పౌన్లకి కొన్నాడు, అంటే మన డబ్బుల్లో దగ్గర దగ్గర 13 లక్షలు. పన్ను వంద శాతం ఉంటుందని ఆఫీసులో ఎవరో అన్నారు, నేను 13 పక్కన ఇంకో 13 వేసి 26 అని రాశాను. అదీ మీ బారసాల. ఎంత ముద్దుగా ఉండేవారో.

26 అనేసరికి బావ నీరసపడ్డాడు గానీ, రెండు రోజుల తర్వాత అర్ధరాత్రి ఒక వార్త పంపాడు. 2025 ఫిబ్రవరి బడ్జెట్‌లో కార్ల మీద కస్టమ్స్ సుంకాన్ని 125 నుంచి 70 శాతానికి తగ్గించేశారని. తగ్గింపు అన్న మాటకి మా ఇంట్లో ఉన్న విలువ మీకు తెలియదు, మా అక్క చీరల షాపులో ఆ మాట వినపడితే ధర చూడదు. నేను కూడా చూడలేదు. 13 మీద 70 శాతం వేసి 22 లక్షలు అన్నాను. మీరు మొదటిసారీ చివరిసారీ సన్నబడింది ఆ రాత్రే. మా వీధిలో ఆటో తిరగాలంటేనే రెండుసార్లు వెనక్కీ ముందుకీ ఆడాలి, అలాంటిది అక్క ఫోన్లో "కారుకి పైన రేకు వేయించాలిరా, ఎండకి రంగు పోతుంది" అంటోంది.

తర్వాతి సోమవారం లింగిచెట్టి వీధికి వెళ్ళాను. అక్కడ ఒక మెట్ల కింద గదిలో కూర్చునే క్లియరింగ్ ఏజెంటు, అంటే కస్టమ్స్ నుంచి సరుకు విడిపించిపెట్టే మనిషి, మా నాన్న స్నేహితుడికి తెలిసినాయన, నెల్లూరు వైపు మనిషి. ప్రింటు తీసి మిమ్మల్ని ఆయన ముందు పెట్టాను. ఆయన కళ్ళజోడు నుదుటి మీదకి నెట్టి చూసి, నవ్వలేదు, అదే నాకు భయమేసింది. పాత కాయితం ఒకటి తిరగేసి, ఒక కొన ఎరుపూ ఒక కొన నీలమూ ఉండే పెన్సిలు తీసుకుని, "ఈ 13 ఏంది సార్?" అన్నాడు.

"కారు ధర."

"మీ బావగారు కొన్న ధర. మనకి కావల్సింది కారు పుట్టినప్పటి ధర."

విన్నారా? అంటే మీ మొదటి గడిలోనే తప్పు. బావ ఎంత ఇచ్చాడన్నది బావకీ ఆ అమ్మినవాడికీ మధ్య వ్యవహారమట. కస్టమ్స్ చూసేది ఆ మోడల్ కొత్తగా ఉన్నప్పుడు కంపెనీ పెట్టిన ధర. దాన్లోంచి కొంత డిస్కౌంటు, తర్వాత తరుగు, మొదటి ఏడాదికి 16 శాతం, రెండో ఏడాదికి 12, మూడో ఏడాదికి 10, దాన్ని కూడా మూడు నెలలకింత అని పంచి తీస్తారు. బావ అక్కడ వాన్లో నిలబడి రెండు గంటలు బేరమాడి 500 పౌన్లు తగ్గించుకున్నానని ఏడాదిగా చెప్పుకుంటున్నాడు, ఆ బేరం మొత్తం నీలం పెన్సిలు ఒక్క గీతతో కొట్టేసింది. తరుగులన్నీ పోగా 17 లక్షలు, ఓడ కిరాయీ బీమా కలిపి 18. ఆ కిరాయికి సరైన కాయితం లేకపోతే సరుకు ధరలో 20 శాతం కిరాయి అనీ, 1.125 శాతం బీమా అనీ వాళ్ళే వేసేసుకుంటారట. పౌనుకి ఎన్ని రూపాయలో కూడా మనం ఫోన్లో చూసుకునే రేటు కాదు, కస్టమ్స్ ప్రకటించిన రేటు. ఇంకా పన్ను మొదలే కాలేదు, కారు 13 నుంచి 18కి పెరిగింది. ఏడాది వాడాక ధర పెరిగిన సెకండ్ హ్యాండ్ వస్తువు నాకు తెలిసి ఇదొక్కటే.

"సరే, దీని మీద 70 శాతమే కదా" అన్నాను, వార్త చూపిస్తూ.

ఆయన 18,00,000 అని రాసి కింద 12,60,000 అని రాశాడు. నేను ఊపిరి పీల్చుకున్నాను. దాని కింద 12,15,000 అని రాశాడు. ఇదేంటంటే, వ్యవసాయ మౌలిక వసతుల, అభివృద్ధి సెస్ అన్నాడు. వాడిన కారుకి 67.5 శాతం.

అంచనా గారూ, ఇక్కడ కాస్త ఆగుదాం, నేను ఇప్పటికీ ఇక్కడే ఆగి ఉన్నాను. మా తాతకి కావలి దగ్గర మూడెకరాల మాగాణి ఉండేది. జీవితంలో ఒక్కసారి కాలవలో పూడిక తీయించమని అర్జీ పెట్టుకుని, తీయించకుండానే పోయాడు. ఆయన మనవరాలి మొగుడు ఇంగ్లండ్ నుంచి ఒక నీలం కారు దింపితే ఈ దేశ వ్యవసాయానికి 12 లక్షల 15 వేలు జమ. తాత ఉండుంటే ట్రాక్టరు బదులు ఈ కారునే పొలంలో దించమనేవాడు.

ఇంతకీ అసలు చమత్కారం అది కాదు. అంతకుముందు వాడిన కార్లకి సుంకం 125 శాతం, ఆ సుంకం మీద పది శాతం సాంఘిక సంక్షేమ సర్‌చార్జి, అంటే ఇంకో పన్నెండున్నర, మొత్తం 137.5. ఇప్పుడు 70కి తగ్గించారు, సర్‌చార్జి ఎత్తేశారు, 67.5 సెస్ పెట్టారు. కూడండి. మీ పనే కదా అది. నేను ఆ మెట్ల కింద గదిలో రెండుసార్లు కూడి చూశాను, రెండుసార్లూ 137.5 వచ్చింది. అర పైసా తేడా లేదు. కుడి జేబులోంచి తీసి ఎడమ జేబులో పెడుతూ కుడి జేబు ఖాళీ అయిందని దండోరా వేయించడం అంటే ఇదే. సరే, 40,000 డాలర్ల లోపు కొత్త కార్లకి నిజంగానే కొంత కలిసొచ్చిందట, ఆ పుణ్యం వాళ్ళకి చెందాలి. మనది వాడిన బండి.

ఎరుపు కొన తిప్పి ఆయన గీత గీశాడు. 42,75,000. "దీని మీద జీఎస్టీ సార్."

"దీని మీదా? 18 మీద కదా?"

"దీని మీదే. సుంకమూ సెస్సూ కట్టినాక వచ్చిన ధరే ఇప్పుడు దాని ధర."

మా పేటలో రోజువారీ వసూలు చేసుకునే తండల్ వడ్డీవాళ్ళు కూడా ఇంత నిర్మొహమాటంగా వడ్డీ మీద వడ్డీ వేయరు, కనీసం ఎలా ఉన్నావని అడుగుతారు. 2025 సెప్టెంబరు 22 నుంచి చిన్న కార్లకి జీఎస్టీ 18 శాతం అయిందని బావ అంతకుముందే సంబరపడ్డాడు, కానీ అది 1,200 సీసీ లోపు పెట్రోలు బండికి, నాలుగు మీటర్ల పొడవు దాటకపోతేనే. మన 1,499కి 40 శాతం. 17,10,000. అడుగున ఆయన రెండు గీతలు గీసి రాసిన అంకె 59,85,000. పెన్సిలు ముల్లు అక్కడ విరిగింది, ఒట్టు. ఆయన బ్లేడు తీసి నిదానంగా చెక్కుకుంటూ కూర్చున్నాడు, ఆ చెక్కు పొట్టు రాలి సరిగ్గా మీ మీద, నా 22 లక్షల ప్రింటు మీద పడింది.

పేరుకి మీరు అంచనా. మా అమ్మ కంటి చూపుతో చెప్పే అంచనా, ఈ బియ్యం ఇరవై రోజులొస్తాయి అంటే పంతొమ్మిదో రోజున సంచీ దులుపుతుంది. మీరేమో 22 అని చెప్పి 60కి తేలారు.

ఇంకా ఉంది. మా మేడ ఎక్కితే హార్బర్ క్రేన్లు కనపడతాయి. శ్రీపెరుంబుదూరు వైపు తయారైన కార్లు ఓడలెక్కి వెళ్ళే ఊరు ఇది. బావ కారు మా మేడ మీద నుంచి చూస్తుండగానే దిగుతుందని అక్క కూతురికి నేను మాటిచ్చాను కూడా. ఏజెంటు తల అడ్డంగా ఊపాడు. వాడిన కారు ముంబయి రేవులోనే దిగాలట. అక్కడి నుంచి పుణెలో ఏఆర్‌ఏఐ అనే బండ్ల పరీక్షా సంస్థ లాంటి చోట పరీక్ష, పరీక్ష పాసయ్యాక ట్రైలర్ ఎక్కి చెన్నై. కాశీకి వెళ్ళొచ్చినవాళ్ళకి కూడా ఇన్ని మజిలీలుండవు. పైగా తయారై మూడేళ్ళు దాటకూడదు, స్టీరింగు కుడివైపుండాలి (బ్రిటన్ కారు కాబట్టి అదొక్కటీ గట్టెక్కాం, దుబాయ్ నుంచి తెచ్చుకుందామనుకునేవాళ్ళు అక్కడే ఆగిపోవచ్చు), స్పీడోమీటరు కిలోమీటర్లలో చూపించాలి. ఆ రాత్రి బావ మీటరు ఫోటో పంపాడు. మైళ్ళ అంకెలు పెద్దగా తెల్లగా ఉన్నాయి, వాటి లోపలి వరసలో కిలోమీటర్లు నలకల్లా ఉన్నాయి. "ఇవి చాలవట్రా?" అని అడిగాడు. ఫోటోని ఎంత పెద్దది చేసినా నలకలు పెద్ద నలకలయ్యాయి అంతే.

ఇక రోడ్డు పన్ను. ఇది మీ చిన్న తమ్ముడు, ఆర్టీవో ఆఫీసులో ఉంటాడు. తమిళనాడులో 2023 నవంబరు నుంచి 20 లక్షలు దాటిన కారుకి జీవితకాల పన్ను 20 శాతం. 20 లక్షలు దేని మీద? కారు నిజంగా 13 లక్షలది కదా అని మీరు అమాయకంగా అడుగుతారేమో. సుంకాలన్నీ కలిసిన 60 మీద. కొత్త బండైతే 12 లక్షలు, వయసున్న బండి కాబట్టి కాస్త తగ్గిస్తారు. దిగుమతి పన్ను కట్టినందుకు కూడా రోడ్డు పన్ను కట్టాలన్నమాట. బెంగళూరులో ఉండే మా చిన్నాన్న కొడుకుని అడిగితే అక్కడా 20 లక్షలు దాటితే 18 శాతం, దాని మీద సెస్సూ ఉంటుందన్నాడు, కాబట్టి ఊరు మారినా లాభం లేదు.

జీఎస్టీ రాకముందు ఇంకొకటుండేది, బయటి నుంచి రాష్ట్రంలోకి తెచ్చిన బండి మీద ప్రవేశ పన్ను. నటుడు విజయ్ ఇంగ్లండ్ నుంచి తెప్పించుకున్న రోల్స్ రాయిస్‌కి ఆ పన్నెందుకని 2012లో మద్రాసు హైకోర్టుకెళ్ళాడు. 2021 జులైలో కేసు కొట్టేసి లక్ష రూపాయలు కట్టమన్నారు, తర్వాత పై బెంచి దాన్ని ఆపింది, తీర్పులో ఆయన మీద చేసిన వ్యాఖ్యల్ని 2022లో తీసేశారు. పదేళ్ళు. ఈ ఊళ్ళో అంత పేరున్న మనిషికే కారు పన్ను పదేళ్ళ పని పెట్టిందంటే, రాయపురం నాలుగో అడ్డవీధికి ఎంతకాలం పడుతుందో లెక్క వేయమని మిమ్మల్ని అడగాలనిపించింది. అడగలేదు. మీరు వేస్తారు, అదీ పెరుగుతుంది.

బావ మాత్రం చివరిదాకా ఆశ వదల్లేదు. 2025 జులైలో బ్రిటన్‌తో వాణిజ్య ఒప్పందం మీద సంతకాలయ్యాయి, కోటా మేరకు కార్ల సుంకం క్రమంగా 10 శాతానికి దిగుతుందని ఒక వీడియో పంపాడు. ఏజెంటుకి చూపించాను. ఆయన వీడియో మొత్తం ఓపిగ్గా చూసి, ఫోను నా చేతిలో పెట్టి, "కోటా అన్నారు కదా సార్, అందులో మీ బావగారి పేరెక్కడుంది?" అన్నాడు.

మీలో ఆఖరి గడి పేరు 'ఇతరములు'. రేవులో రోజులు దాటితే పడే డెమరేజి, గోడౌను అద్దె, క్రేను, కాయితాలు, ఏజెంటు ఫీజు. ఆ గడిలో నేను ఏ అంకే వేయలేదు, ప్రశ్నార్థకం పెట్టాను. మీలో ఇప్పటికీ నిజం చెప్పే గడి అదొక్కటే.

డెబ్బై లక్షలు అని ఫోన్లో చెప్పినప్పుడు బావ చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత అక్క గొంతు వినిపించింది, "రేకు వాడికి అడ్వాన్సు ఇచ్చావా?" అని. ఇచ్చాను. రెండు వేలు. అది కూడా మీలో కలుపుకోండి.

కారు అక్కడే 9,800 పౌన్లకి అమ్మేశాడు. సంక్రాంతికి ముందు వారం అందరూ దిగారు, నేను ఎయిర్‌పోర్టుకి మెట్రోలో వెళ్ళి, ట్యాక్సీలో తీసుకొచ్చాను. పెట్టెలు విప్పుతుంటే బావ కోటు లోపలి జేబులోంచి ఒక తాళం చెవి జారి పడింది. కారు రెండో తాళం. కొన్నాయన రెండు మెయిళ్ళు పెట్టాడట, అది లేకపోతే కొత్తది చేయించడానికి అక్కడ చాలా అవుతుందని.

నిన్న కొరియర్‌లో వేయడానికి వెళ్ళాను. కౌంటర్లో కుర్రాడు తాళాన్ని త్రాసు మీద పెట్టి, కస్టమ్స్ ఫారం నా వైపు తిప్పి, పెన్ను ఇచ్చి అడిగాడు: "విలువ ఎంతని రాయమంటారు సార్? మీరు కొన్నదా, కొత్తదాని ధరా?"

ఇట్లు,
మీ రాయపురం లెక్కలవాడు