మధ్యలో ఆపేసిన సినిమా

మన సంఘం యువజన విభాగం ఈమధ్య హారర్ సినిమా రాత్రి పెట్టి ‘ది వికర్ మ్యాన్’ (1973) వేస్తే, సగం కాకముందే పెద్దలు లైట్లు వేయించి ఆపించారు. తప్పిపోయిన బాలికను వెతుకుతూ, పాత దేవతలను కొలిచే ఒక దీవికి వచ్చిన పోలీసు సార్జంటు, బడిలో ఆమె బల్ల మూత ఎత్తుతాడు. లోపల మేకుకు దారంతో కట్టిన పురుగొకటి మేకు చుట్టూనే తిరుగుతూ, తిరిగినకొద్దీ దారం కురచై దానికే అతుక్కుపోతూ ఉంటుంది. ఆ పురుగులా చివరికి చిక్కుకునేది సార్జంటేనని తెలియకుండానే పిల్లలు ఇళ్లకు వెళ్లిపోయారు. నా పక్కనున్న కాలేజీ అమ్మాయి “అంకుల్, ఇంతకీ ఆ ఊరివాళ్లు చెడ్డవాళ్లా?” అని అడిగితే, సగం సినిమా మీద ఏం జవాబు చెప్పను?

ఆపించిన పెద్దల బాధ ఊరికే పుట్టింది కాదు. మంటలు, మొక్కులు కనబడితే చాలు పాపం అంటగట్టే సినిమాలు రేపు మన గుడినీ అలాగే చూపిస్తాయని వారి భయం. చూపించాయి కూడా. సాహస చిత్రమే అయినా, 1984 నాటి ‘ఇండియానా జోన్స్ అండ్ ది టెంపుల్ ఆఫ్ డూమ్’లో అమ్రీష్ పురి కాళి పేరు చెబుతూ బతికున్న మనిషి గుండె పెరికి తీస్తాడు, ఆ గుహలో గొంతు కలిపిన జనం ఎవరో, అక్కడికి ఎందుకు చేరారో ఆ సినిమాకు పట్టదు.

కల్ట్‌ల (ఒక నాయకుడికో నమ్మకానికో గుడ్డిగా లోబడే గుంపుల) మీద వచ్చిన మంచి హారర్ చిత్రాలకు మాత్రం అదే ప్రధానం, వాటిలో భయమంతా ఆప్యాయతలోనే ఉంటుంది. ‘రోజ్‌మేరీస్ బేబీ’ (1968)లో సైతానును కొలిచే పక్కవాటా ముసలి దంపతులు గర్భిణికి రోజూ పానీయం కలిపిస్తారు. ‘మిడ్‌సొమ్మార్’ (2019)లో అయినవాళ్లను పోగొట్టుకున్న అమ్మాయి కుప్పకూలి ఏడుస్తుంటే, ఆమె వెళ్లిన కల్ట్ ఊరి ఆడవాళ్లు చుట్టూ చేరి ఆమె ఊపిరితో ఊపిరి కలిపి ఏడుస్తారు. అంతటి ఓదార్పు ప్రియుడి దగ్గర కూడా దొరకలేదు కనుకనే ఆ దృశ్యం వెన్నులో చలి పుట్టిస్తుంది. సినిమాల బయటా ఇంతే: 1978లో గయానాలో, జిమ్ జోన్స్ అనే కల్ట్ నాయకుడి స్థావరమైన జోన్స్‌టౌన్‌లో 900 మందికి పైగా చనిపోయారు. వారిలో చాలామందిని మొదట జిమ్ జోన్స్ దగ్గరికి రప్పించింది జాతిభేదం లేని ఆదరణే.

ఇంటికి దూరంగా చదువుకుంటూ, “నువ్వు మావాడివే” అని ఎవరన్నా కరిగిపోయే వయసు పిల్లలకు ఇది పనికొచ్చే భయం. పెద్దలు చెప్పాక ఎదురు ప్రశ్న వేయకూడదని మనం నేర్పిన అణకువ (నాకు ముద్దొచ్చే గుణమే) అటువంటి పిలుపుకు తలుపు తీసే ఉంచుతుంది. కాబట్టి కార్యవర్గానికి నా విన్నపం ఒకటే: ఇటువంటి చిత్రాలను చివరిదాకా వేయనివ్వండి, పక్కనే ‘టెంపుల్ ఆఫ్ డూమ్’ కూడా వేయించి, ఏది నిజాయితీగా భయపెట్టిందో తేల్చే చర్చను పిల్లలకే వదిలిపెట్టండి. మనకు ముందు వరుస కుర్చీలు ఎలాగూ ఉంటాయి.